ఇరాన్ సినిమాల్లో పిల్లలు అంతలా ఎందుకు పరుగెత్తుతారు?

ఇరాన్ సినిమాలు కొత్తగా చూడటం మొదలుపెట్టినవాళ్లకు మూడో సినిమాకల్లా ఒక అనుమానం వస్తుంది. ఎక్కడ చూసినా పిల్లలే. ఒకడు నోటుబుక్కు చంకన పెట్టుకుని కొండెక్కుతుంటాడు. ఒక పాప బంగారు చేప కోసం వీధివీధీ తిరుగుతుంటుంది. ఇంకొకడు చెల్లెలి బూట్లు పోగొట్టి సందుల్లో పరుగు తీస్తుంటాడు. ఇంతకీ ఇవి పిల్లల సినిమాలా, పెద్దల సినిమాలా? పిల్లలకు చూపిస్తే సగంలో లేచిపోతారు. పెద్దవాళ్లేమో చివర్లో కళ్లు తుడుచుకుంటారు. ఎవరిని అడిగినా వచ్చే జవాబు ఒకటే: "అక్కడ సెన్సారు ఎక్కువ కదా, పెద్దల గురించి చెప్పలేక పిల్లల్ని అడ్డం పెట్టుకున్నారు." ఆ మాటలో నిజముంది కానీ, తేదీలు చూస్తే అది సగం నిజమేనని తెలుస్తుంది.

క్లుప్తంగా సంగతి ఇది. ఈ ధోరణి, రాజును దించి ఇస్లామిక్ ప్రభుత్వాన్ని తెచ్చిన 1979 విప్లవానికి దాదాపు పదేళ్ల ముందే, రాచకుటుంబం అండ ఉన్న ఒక సంస్థలో పుట్టింది. విప్లవం తర్వాత వచ్చిన నియమాలు దాన్ని పెంచాయి, విదేశీ చిత్రోత్సవాలు పేరు తెచ్చాయి. ఇలా తెర మీద తయారైన పిల్లవాడు పోస్టర్లలో కనిపించేంత అమాయకుడేమీ కాదు. నెత్తిన పడ్డ బాధ్యత తీర్చుకోవడానికి అవసరమైతే అబద్ధం కూడా ఆడతాడు.

ఒక జత బూట్లు, రెండు షిఫ్టులు

ముందు కథ నడిచే తీరు చూడాలి. మజీద్ మజీదీ 1997లో తీసిన ‘చిల్డ్రన్ ఆఫ్ హెవెన్’లో అలీ అనే పిల్లవాడు చెల్లెలు జహ్రా బూట్లు కుట్టించుకుని వస్తూ కూరగాయల కొట్టు దగ్గర పోగొట్టుకుంటాడు. ఇంట్లో అద్దె బాకీ ఉంది. నాన్నకు చెబితే దెబ్బలు పడతాయి, చెప్పి లాభం కూడా లేదు, కొనడానికి డబ్బుల్లేవు. అన్నాచెల్లెళ్లు ఒక ఒప్పందానికి వస్తారు. పొద్దున బడికి జహ్రా అలీ బూట్లు వేసుకుని వెళ్లాలి, బడి వదలగానే పరుగెత్తుకు రావాలి. సందు మలుపులో అలీ కాచుకుని ఉంటాడు. బూట్లు మార్చుకుని మధ్యాహ్నం బడికి అతను పరుగెత్తాలి.

ఆడపిల్లల బడి పొద్దున, మగపిల్లల బడి మధ్యాహ్నం అనే షిఫ్టు పద్ధతి లేకపోతే ఈ కథ నిలబడదు. పేదరికం గురించి ఉపన్యాసం ఎక్కడా ఉండదు, ఆ పని గడియారం చేస్తుంది. జహ్రా పరీక్ష రాస్తూ టైమెంతయిందని అడిగిన ప్రతిసారీ టెన్షన్ పెరుగుతుంది. చివర్లో పరుగు పందెంలో మూడో బహుమతి ఒక జత బూట్లు. అలీకి కావాల్సింది మూడో స్థానమే. పొరపాటున మొదటి స్థానం వచ్చి ఏడుస్తాడు.

జాఫర్ పనాహీ తీసిన ‘వైట్ బెలూన్’ది (1995) ఇదే పద్ధతి. నౌరూజ్ పండక్కి బంగారు చేప కొనుక్కోవాలని ఏడేళ్ల రజియే గొడవ చేస్తే తల్లి 500 తుమాన్ల నోటు ఇస్తుంది, చిల్లర తిరిగి తేవాలి. ఆ నోటు ఒక కొట్టు ముందు జాలీలోంచి కింద పడిపోతుంది. కొత్త సంవత్సరం రావడానికి గంటన్నర కూడా లేదు. సినిమా నిడివి కూడా దాదాపు అంతే.

అబ్బాస్ కియరొస్తామీ ‘వేర్ ఈజ్ ద ఫ్రెండ్స్ హౌస్’లో (1987) పోయేది నోటుబుక్కు. పొరపాటున పక్కవాడి పుస్తకం ఇంటికి తెచ్చుకున్న అహ్మద్, దాన్ని తిరిగి ఇవ్వకపోతే రేపు వాడిని బడిలోంచి పంపేస్తారని భయపడి పక్క ఊరికి పరుగెత్తుతాడు. ఆ ఊళ్లో ఇల్లెక్కడో తెలియదు.

ఒక వస్తువు, ఒక గడువు, పిల్లల కాళ్లు నడవగలిగినంత దూరం. ఇంత చిన్న చట్రంలో సమాజమంతా ఎలా పడుతుందంటే, పిల్లవాడికి ఆజ్ఞాపించే హక్కు లేదు, అడిగే హక్కు మాత్రమే ఉంది. పెద్దవాడైతే ఒక మాటతో పని జరిపించుకుంటాడు. పిల్లవాడు కనిపించిన ప్రతివాణ్నీ బతిమాలాలి. పాములాడించేవాళ్లు, బట్టలు కుట్టే దర్జీ, సెలవు మీద ఇంటికి వెళ్లలేని సిపాయి, బెలూన్లమ్మే అఫ్గాన్ కుర్రాడు: రజియే వీళ్లందరి ముందూ నిలబడాల్సి వస్తుంది కాబట్టే ప్రేక్షకుడికి టెహ్రాన్ తెలుస్తుంది. చివర్లో చూయింగ్ గమ్ అంటించిన కర్రతో నోటు పైకి తీయించుకుని రజియే, ఆమె అన్న వెళ్లిపోతారు. సాయం చేసిన అఫ్గాన్ పిల్లవాడు బెలూన్‌తో ఒక్కడే కూర్చుని ఉండగా సినిమా ఆగిపోతుంది. కథ రజియేదే, కానీ ఆఖరి ఫ్రేము వెళ్లడానికి ఇల్లు లేనివాడిది.

మన వాణిజ్య సినిమాతో పోల్చి చూస్తే తేడా తేలిగ్గా అర్థమవుతుంది. తెలుగు తెర మీద బాల్యం చాలాసార్లు ఫ్లాష్‌బ్యాకే. మొదటి రీల్లో పరుగెత్తే చిన్న కాళ్లు చూస్తుండగానే హీరో కాళ్లయిపోతాయి. పగో ప్రతిజ్ఞో గుర్తుపెట్టుకోవడం వరకే పిల్లవాడి పని. ఇరాన్ సినిమాలో పిల్లవాడు పెద్దవాడు కాడు, వాడి సమస్య ఆ సాయంత్రానికే తేలాలి. 2010లో మజీదీ కథను హిందీలో ‘బమ్ బమ్ బోలే’ పేరుతో తీసినప్పుడు దానికి ఉగ్రవాదం నేపథ్యాన్ని జోడించారు. ఒక జత బూట్లు రెండు గంటల సినిమా బరువు మోస్తాయన్న నమ్మకం చాలలేదన్నమాట.

విప్లవం కంటే ముందే

1960ల మధ్యలో టెహ్రాన్‌లో బాలల, యువజనుల మేధో వికాసం కోసం ఒక సంస్థ ఏర్పడింది. అందరూ దాన్ని కానూన్ అనే అంటారు. అప్పటి ఇరాన్ రాజు (షా) భార్య ఫరా పహ్లవీ దానికి పోషకురాలు. గ్రంథాలయాలు నడపడం, పిల్లల పుస్తకాలు వేయడం దాని తొలి పనులు. 1968లో అది ప్రచురించిన ఒక పుస్తకం ఈ చరిత్రలో తప్పకుండా గుర్తు చేసుకోవాల్సింది. తన ఏరు ఎక్కడ ఆగుతుందో చూడాలని తల్లి మాట కాదని సముద్రానికి బయలుదేరిన చిన్న నల్ల చేప కథ అది. రాసిన సమద్ బెహ్రంగీ అజర్‌బైజాన్ ప్రాంతపు పల్లెల్లో బడిపంతులు. షా పాలనలో పెద్దలు దాన్ని రాజకీయ కథగానే చదువుకున్నారు.

కానూన్‌లో సినిమా విభాగం మొదలైనప్పుడు దాన్ని నిలబెట్టినవాళ్లలో కియరొస్తామీ ఒకరు. అప్పటిదాకా ఆయన ప్రకటనలు, సినిమా టైటిళ్లు చేసుకునే గ్రాఫిక్ కళాకారుడు. 1970లో తీసిన మొదటి చిన్న సినిమాలో ఒక పిల్లవాడు రొట్టె పట్టుకుని ఇంటికి వెళ్తుంటే సందులో కుక్క అడ్డం వస్తుంది. ఏం చేయాలి? కథంతా ఇంతే. ఒక రొట్టె ముక్క విసిరితే కుక్క మచ్చికై వెంట వస్తుంది. తర్వాతి సినిమాలన్నిటి బీజం ఈ పది నిమిషాల్లో ఉంది.

బయట మార్కెట్‌లో ఆ రోజుల్లో నడిచినవి పాటలు, ఫైట్లు, క్యాబరేలతో నిండిన సినిమాలు. విమర్శకులు వాటికి ‘ఫిల్మ్‌ఫార్సీ’ అని పేరు పెట్టారు. కానూన్ దర్శకుడికి టికెట్ల బెంగ లేదు, తారలు అక్కర్లేదు, కథకు పెద్ద మలుపూ అక్కర్లేదు. పైగా పిల్లల కోసం పనిచేసే సంస్థ కాబట్టి మీద నిఘా కాస్త తక్కువ. వామపక్ష భావాలున్న రచయితలు, చిత్రకారులు రాణి పోషణలోని సంస్థలో చేరి పనిచేయడం ఆ కాలపు వింతల్లో ఒకటి.

1974లో కియరొస్తామీ తీసిన ‘ద ట్రావెలర్’ కూడా షా కాలానిదే. మలాయేర్ పట్నంలో ఖాసెమ్ అనే పిల్లవాడికి టెహ్రాన్ వెళ్లి ఫుట్‌బాల్ మ్యాచ్ చూడాలని పిచ్చి. రీలు లేని కెమెరాతో తోటి పిల్లల్ని ఫొటోలు తీస్తున్నట్టు నటించి డబ్బులు పోగుచేస్తాడు. అంత కష్టపడి స్టేడియం చేరి, మ్యాచ్ మొదలయ్యేలోపు నిద్రపోతాడు. లేచేసరికి గ్యాలరీలు ఖాళీ. విప్లవం తర్వాతి సెన్సారుతో ఈ సినిమాకు ఏ సంబంధమూ లేదు.

సెన్సారు వాదన ఎంతవరకు నిలుస్తుంది

అలాగని 1979 తర్వాతి నియమాల పాత్రను కొట్టిపారేయలేం. ఆ నియమాల ప్రకారం తెర మీద స్త్రీ ఇంట్లో భర్త ముందు ఉన్నా తల కప్పుకునే ఉండాలి. భార్యాభర్తలుగా నటించేవాళ్లు ఒకరినొకరు తాకకూడదు. నిజ జీవితంలో ఏ ఇల్లాలూ పడుకునేటప్పుడు తలకు గుడ్డ కట్టుకోదు కాబట్టి, ఇంటి లోపలి దృశ్యం తీయగానే అది అబద్ధంగా కనిపిస్తుంది. వాస్తవికత కోరుకునే దర్శకుడికి ఇది పెద్ద ఇబ్బంది. వీధి, బడి, కొండదారి, కారు లోపల: వీటిల్లో ఆ ఇబ్బంది తగ్గుతుంది. పిల్లల మీద ఆ నియమాల పట్టు కూడా తక్కువే. అన్నాచెల్లెళ్లు కబుర్లు చెప్పుకోవచ్చు, పోట్లాడుకోవచ్చు, చేయి పట్టుకుని పరుగెత్తవచ్చు. ప్రేమ, అలక, త్యాగం అన్నీ వాళ్ల మధ్య పెట్టవచ్చు.

ఈ వాదనకు అన్నిటికంటే బలమైన సాక్ష్యం పనాహీ ప్రయాణమే. ‘వైట్ బెలూన్’కు 1995లో కాన్స్ చిత్రోత్సవంలో తొలి చిత్రాలకిచ్చే కెమెరా డోర్ వచ్చింది. 1997లో తీసిన ‘ద మిర్రర్’కు లొకార్నో చిత్రోత్సవంలో గోల్డెన్ లెపర్డ్. రెండింటిలోనూ టెహ్రాన్ వీధుల్లో ఒంటరిగా తిరిగే చిన్న పాపే ముఖ్యపాత్ర. మూడేళ్ల తర్వాత అదే వీధుల్లో ఎదిగిన ఆడవాళ్లను నడిపిస్తూ ‘ద సర్కిల్’ తీశారు. వెనిస్‌లో గోల్డెన్ లయన్ వచ్చింది, ఇరాన్‌లో నిషేధం వచ్చింది. 2010లో ఆయనకు జైలు శిక్షతో పాటు 20 ఏళ్లు సినిమాలు తీయకూడదన్న ఆంక్ష పడింది. దర్శకుడు అతనే, ఊరు అదే, మారింది పాత్రల వయసు.

కాబట్టి సెన్సారు ఈ ధోరణిని కనిపెట్టలేదు. అప్పటికే వేసి ఉన్న దారిలోకి మరింత మందిని మళ్లించింది. విప్లవం తర్వాత పాత సంస్థలు చాలా మూతపడ్డా కానూన్ కొనసాగింది. అమీర్ నాదెరీ ‘ద రన్నర్’, బహ్రాం బేజాయీ ‘బాషూ’, కియరొస్తామీ 1980ల సినిమాలు అక్కడే తయారయ్యాయి. ‘చిల్డ్రన్ ఆఫ్ హెవెన్’ కూడా కానూన్ సినిమానే.

ఇంకో సంగతి ఇక్కడ కలపాలి. 1980 నుంచి 1988 వరకు ఇరాక్‌తో యుద్ధం నడిచింది. ఆ కాలంలో రాజ్యం ప్రచారం చేసిన బాలుడు వేరు. గ్రెనేడ్లతో శత్రు ట్యాంకు కిందికి వెళ్లి ప్రాణాలిచ్చాడని చెప్పే 13 ఏళ్ల హుస్సేన్ ఫహ్మీదే బొమ్మ గోడల మీద, పాఠ్యపుస్తకాల్లో ఉండేది. 1987లో, యుద్ధం ఇంకా ముగియకముందే, కియరొస్తామీ చూపించిన బాలుడు పక్కవాడి నోటుబుక్కు తిరిగివ్వడానికి పరుగెత్తాడు. సినిమాలో యుద్ధం మాటే రాదు. ఈ రెండు బొమ్మల్నీ పక్కపక్కన పెట్టి చూడకపోతే ఆ నోటుబుక్కు బరువు తెలియదు.

అబద్ధమాడే పిల్లలు

ఈ సినిమాల గురించి రాసేవాళ్లు ‘పసిమనసు’, ‘అమాయకత్వం’ అనే మాటలు తెగ వాడతారు. కథలు జాగ్రత్తగా చూస్తే ఆ మాటలు అతకవు. ఖాసెమ్ మోసగాడు. అలీ నెలల అద్దె బాకీ ఉన్న తండ్రి నుంచి నిజం దాస్తాడు, చెల్లెలికి పెన్సిలు ఇచ్చి నోరు మూయిస్తాడు. అహ్మద్ అమ్మకు తెలియకుండా ఊరు దాటతాడు. రెండుసార్లు వెతికినా మిత్రుడి ఇల్లు దొరక్క, చీకటిపడి ఇంటికొచ్చి, రాత్రి కూర్చుని మిత్రుడి హోంవర్కు కూడా తానే రాసేస్తాడు. మర్నాడు పంతులు ఆ పుస్తకం తిప్పి చూసి బాగుందంటాడు. పేజీల మధ్య ఒక ఎండిన పువ్వు. లెక్కప్రకారం అది ఫోర్జరీ. సినిమాలో అంతకంటే నిజాయితీ ఉన్న పని ఇంకొకటి లేదు.

పెద్దల వైపు చూస్తే ఈ అబద్ధాలు ఎందుకు అవసరమయ్యాయో తెలుస్తుంది. అదే సినిమాలో అహ్మద్ తాత తన పక్కన సిగరెట్లు ఉండగానే తెమ్మని మనవణ్ని ఇంటికి పంపుతాడు, మాట వినడం నేర్పడానికట. తన చిన్నప్పుడు తండ్రి వారానికోసారి డబ్బులు, రెండు వారాలకోసారి దెబ్బలు ఇచ్చేవాడనీ, డబ్బులివ్వడం ఎప్పుడైనా మరిచిపోయేవాడేమో కానీ కొట్టడం ఒక్కసారీ మరిచిపోలేదనీ గొప్పగా చెప్పుకుంటాడు. నియమం ఉన్నది అమలు చేయడానికే, దాని అర్థం ఎవరికీ అక్కర్లేదు. పిల్లవాడి అబద్ధం ఆ నియమానికీ న్యాయానికీ మధ్య ఉన్న ఖాళీలో పుడుతుంది.

కియరొస్తామీ డాక్యుమెంటరీ ‘హోంవర్క్’ (1989) ఈ యంత్రాన్ని విప్పి చూపిస్తుంది. టెహ్రాన్‌లో ఒక బడి పిల్లల్ని ఒక్కొక్కరినీ కెమెరా ముందు కూర్చోబెట్టి ప్రశ్నలు అడుగుతారు. హోంవర్కు ఇష్టమా, కార్టూన్లు ఇష్టమా అంటే హోంవర్కే అంటారు. అది నిజం కాదని అడిగేవాడికీ తెలుసు, చెప్పేవాడికీ తెలుసు. శిక్ష అంటే ఏమిటో టకటకా చెప్పే పిల్లల్లో కొందరికి ప్రోత్సాహం అనే మాటకు అర్థమే తెలియదు. ఒక కుర్రాడు మిత్రుడు పక్కన లేకపోతే భయంతో వణికిపోతాడు. అక్కడ ప్రేక్షకుడికి కెమెరా మీద కూడా కోపం వస్తుంది, రావాలి కూడా. నల్లకళ్లద్దాలతో ఎదురుగా కూర్చున్న దర్శకుడు కూడా ఆ పిల్లవాడికి ఇంకొక పంతులే.

నటన రాని పిల్లలతో నిజమైన ఇళ్లలో తీయడం ఈ సినిమాల బలమంటారు. అందులో పిల్లల ఇష్టం ఎంత అన్న ప్రశ్న ఎప్పుడూ పూర్తిగా తేలలేదు. 1998లో సమీరా మఖ్మల్బాఫ్ ‘ద యాపిల్’లో, తండ్రి ఏళ్ల తరబడి ఇంట్లో బంధించిన కవల పిల్లల కథలో, ఆ కుటుంబంవాళ్లే తమ పాత్రల్లో కనిపించారు. ‘ద మిర్రర్’ ఆ ప్రశ్నను కథలోకే తెచ్చింది. సగంలో పాప కెమెరా వైపు తిరిగి ఇక నటించనంటుంది, చేతికున్న దొంగ సిమెంటు కట్టు ఊడదీసి బస్సు దిగి నడుచుకుంటూ వెళ్లిపోతుంది. యూనిట్ దూరం నుంచి వెంబడిస్తుంది.

పాఠ్యపుస్తకంలో దొరికిన భాష

యుద్ధాన్ని నేరుగా తాకిన సినిమా ‘బాషూ’. 1980ల మధ్యలో తీశారు, యుద్ధం ముగిశాక 1989లో గానీ విడుదల కాలేదు. దక్షిణాన ఖుజెస్తాన్‌లో బాంబు దాడిలో అమ్మానాన్నల్ని పోగొట్టుకున్న బాషూ ఒక లారీలో దాక్కుని, దిగేసరికి ఉత్తరాన గీలాన్ వరిపొలాల్లో ఉంటాడు. నల్లటి పిల్లవాడు, మాట్లాడేది అరబిక్. అతన్ని చేరదీసిన నాయీ మాట్లాడేది గీలకీ. ఊరివాళ్లు వాడి ఒంటి రంగు చూసి జంకుతారు, నాయీ రుద్ది రుద్ది కడిగినా రంగు పోదు.

వీధి పిల్లలతో కొట్లాట మధ్యలో కింద పడున్న పాఠ్యపుస్తకం తీసి బాషూ గట్టిగా చదువుతాడు: ఇరాన్ మన దేశం, మనమంతా ఇరాన్ బిడ్డలం అని. అది ఎవరి ఇంటి భాషా కాదు. బడి నేర్పిన ఫార్సీ, ఆ ఒక్క వాక్యమే అందరికీ అర్థమవుతుంది. ఇంట్లో మాట్లాడే యాసను బడి గుమ్మం దగ్గర వదిలేసి లోపలికి వెళ్లిన ఎవరికైనా ఈ దృశ్యం రెండు వైపులా గుచ్చుకుంటుంది. జాతిని ఒకటి చేసేది ఆ పుస్తకమే, బాషూ అరబిక్‌లో చెప్పుకునే బాధను అర్థం కాకుండా చేసేదీ అదే. ఆ తర్వాత వాళ్లిద్దరినీ దగ్గర చేసింది పుస్తకం కాదు, జ్వరమొచ్చినప్పుడు చేసిన సేవ.

ఇరాన్ పిల్లలు చూసినవి వేరు

‘పిల్లల గురించి’ తీసిన సినిమాకూ ‘పిల్లల కోసం’ తీసిన సినిమాకూ మధ్య గీత ఇరాన్‌లో చాలా స్పష్టం. అక్కడి పిల్లలు థియేటర్లకు పరుగెత్తింది 1985లో వచ్చిన ‘సిటీ ఆఫ్ మైస్’ లాంటి, బొమ్మల్ని ఆడించి తీసిన పాటల సినిమాకు. టీవీ కార్యక్రమం నుంచి పుట్టిన ఆ ఎలుకలకు 2014లో రెండో భాగం కూడా వచ్చింది. హైదరాబాద్‌లో అంతర్జాతీయ బాలల చిత్రోత్సవం జరిగిన ఏళ్లలో స్కూలు బస్సుల్లో వచ్చిన పిల్లలతో నిండిన హాలు చూసినవాళ్లకు ఈ తేడా చెప్పనక్కర్లేదు. ఆ హాలుకు సందడి కావాలి. కియరొస్తామీ కొండదారికి నిశ్శబ్దం కావాలి.

బయటి ప్రపంచంలో మాత్రం పేరు తెచ్చింది రెండో రకమే. 1979లో టెహ్రాన్‌లోని అమెరికా రాయబార కార్యాలయం సిబ్బందిని బందీలుగా పట్టుకున్న వ్యవహారం తర్వాత పాశ్చాత్య దేశాల్లో ఇరాన్ అంటే కోపంగా నినాదాలిచ్చే గుంపు. ఆ నేపథ్యంలో బూట్ల కోసం ఏడ్చే పిల్లవాడు కొత్తగా కనిపించాడు. తక్కువ ఖర్చు, తక్కువ మాటలు, ఏ దేశంవాడికైనా అర్థమయ్యే సమస్య. ‘చిల్డ్రన్ ఆఫ్ హెవెన్’ ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లింది. స్వదేశంలో దీనికి ఎదురుమాట కూడా గట్టిగానే వచ్చింది. పేదరికాన్ని, వెనకబాటును విదేశీ జ్యూరీలకు అమ్ముకుంటున్నారని ఆరోపణ. దానికి ఫార్సీలో ‘సియాహ్ నమాయీ’, అంటే నలుపు చూపించడం, అనే మాటే ఉంది. ప్రభుత్వ వర్గాలు ఆ మాటను ఆయుధంగా వాడాయి కాబట్టి దాన్ని అనుమానంగా చూడాలి. అయినా అందులో ఒక నిజం మిగులుతుంది. చాలాకాలం ఈ తెర మీద మధ్యతరగతి పిల్లలు దాదాపు లేరు. ఆడపిల్లలు కూడా పనాహీ, మజీదీ వచ్చేదాకా తక్కువే.

అపార్టుమెంటు పిల్ల

2000 తర్వాత ఈ సినిమాల కేంద్రబిందువు మారింది. కుర్దు దర్శకుడు బహ్మన్ ఘొబాదీ సరిహద్దు కొండల్లో దొంగరవాణా సరుకు మోసే పిల్లల్ని చూపించారు. మజీదీ 2020లో ‘సన్ చిల్డ్రన్’తో కూలిపనులు చేసుకునే పిల్లల దగ్గరికి మళ్లీ వెళ్లారు. కానీ ఎక్కువమంది చూసిన ఇరాన్ సినిమా అస్గర్ ఫర్హాదీది, అందులో వీధి స్థానంలోకి అపార్టుమెంటు, కోర్టు వచ్చాయి.

2011లో వచ్చిన ‘ఎ సెపరేషన్’లో 11 ఏళ్ల తెర్మే పరుగెత్తదు. గుమ్మాల దగ్గర, కారు వెనక సీట్లో కూర్చుని పెద్దల మాటలు వింటుంది. అమ్మానాన్న విడిపోతున్నారు, పైగా గర్భవతి అయిన పనిమనిషిని తోశాడని, దాంతో గర్భం పోయిందని నాన్న మీద కేసు. పనిమనిషి గర్భవతి అన్న నిజం నాన్నకు ముందే తెలుసని తెర్మే కనిపెడుతుంది. జడ్జి అడిగినప్పుడు నాన్నను కాపాడటానికి అబద్ధం చెబుతుంది, ఇంటికి వెళ్లేటప్పుడు కారులో నిశ్శబ్దంగా ఏడుస్తుంది. అహ్మద్ అబద్ధం పెద్దల నుంచి మిత్రుణ్ని కాపాడింది. పాతికేళ్ల తర్వాత తెర్మే అబద్ధం పెద్దవాణ్నే కాపాడాల్సి వచ్చింది. నోటుబుక్కు రాసిన రాత్రి అహ్మద్‌కు అన్నం సయించకపోయినా తెల్లారేసరికి పని పూర్తయింది. తెర్మే పని పూర్తి కాదు.

చివర్లో ఎవరి దగ్గర ఉంటావని జడ్జి అడుగుతాడు. నిర్ణయించుకున్నానంటుంది, కానీ వాళ్ల ముందు చెప్పలేనంటుంది. అమ్మానాన్నల్ని బయటికి పంపుతారు. వరండాలో అద్దానికి అటొకరూ ఇటొకరూ నిలబడి ఎదురుచూస్తుంటారు. లోపల ఆమె ఏం చెప్పిందో మనకు వినిపించదు.